గోడ వంపులోని చెట్టు

నా దగ్గర నాన్నగారి జేబు డైరీలు పదకొండు ఉన్నాయి. ముప్పై ఒక్క సంవత్సరాలు అటవీశాఖలో పనిచేసి రేంజరుగా పదవీ విరమణ చేసిన ఆయన ఉద్యోగం వదిలినా కొలతలు వదల్లేదు. గుడికి వెళ్తే గుడి ముందున్న రావిచెట్టుకీ, పెళ్ళికి వెళ్తే విడిది వెనుక ఉన్న వేపచెట్టుకీ ఛాతీ ఎత్తున చుట్టుకొలత తీసి, తేదీ వేసి రాసుకునేవారు. 1996 నాటి డైరీలో జులై 14, ఆదివారం కింద ఒకే ఒక్క వరుస ఉంది: ‘గ్రైజ్‌డేల్. స్ప్రూస్. 5-4. గోడ వంపు.’ స్ప్రూస్ అంటే ఒక రకం సూదాకు చెట్టు, 5-4 అంటే దాని చుట్టుకొలత అయిదడుగుల నాలుగంగుళాలు. ఈ వరుస మా ఇంట్లో నాకు తప్ప ఇంకెవరికీ అర్థం కాదు కాబట్టి, ఆ అడవి గురించీ ఆ గోడ గురించీ గుర్తున్నంతవరకు రాసిపెడుతున్నాను.

గ్రైజ్‌డేల్ ఇంగ్లండుకు వాయవ్యాన, లేక్ డిస్ట్రిక్ట్‌లో, విండర్‌మియర్, కానిస్టన్ అనే రెండు పొడవాటి సరస్సుల మధ్య ఉన్న అడవి. వైశాల్యం ఇంచుమించు 2,400 హెక్టార్లు. మావారికి లాంకషైర్‌లోని ఒక ఆసుపత్రిలో ఉద్యోగం వచ్చి మేము ఆ దేశం చేరింది 1992 చివర్లో. అప్పటికి మా అబ్బాయికి ఏడాది నిండింది. వారమంతా వాన చూస్తూ గడిపిన ఇంట్లోంచి ఆదివారమైనా బయటపడాలని నేను పట్టుబడితే, మావారు తోటి డాక్టరును అడిగి వచ్చి, ‘గంటన్నర దూరంలో ఒక అడవి ఉందట, లోపల శిల్పాలు ఉంటాయట’ అన్నారు. శిల్పాల పార్కు అనగానే నేను ఊహించుకున్నది కత్తిరించిన పచ్చిక, మధ్యలో పీఠం, పీఠం మీద కంచు విగ్రహం. కాబట్టి 1993 అక్టోబరులో ఆ ఆదివారం నేను వేసుకున్నవి చెప్పులకన్నా కొంచెం మెరుగైన బూట్లు.

అక్కడ పీఠాలు లేవు. మోటారు వాహనాలు ఆపే చోట ఒక పటం కొనుక్కుని, రంగు పూసిన గుర్తు గుంజల వెంట నడవాలి. పటంలో అంకెలు ఉంటాయి. అంకె ఉన్నచోట ఏదో ఉన్నట్టు. అది ఏమిటో, దారికి ఎటువైపో మనమే చూసుకోవాలి. పొడవాటి దారి పేరు సైలూరియన్ వే. ఆ పేరు అక్కడి రాయిది, ఇంచుమించు 42 కోట్ల సంవత్సరాల నాటి సైలూరియన్ యుగపు రాయి. పిల్లవాణ్ణి వీపున కట్టుకుని అందులో సగం నడుద్దామని బయల్దేరిన మేము, కలప నరుకుతున్న చోట ఒక మలుపు దాటేసి, వానలో దారి తప్పాము. తప్పు మాదే, పటాన్ని తలకిందులుగా పట్టుకున్నది నేను, నన్ను నమ్మింది మావారు.

ఆ దారి తప్పిన అరగంటలోనే నేను జీవితంలో మొదటిసారి అడవి శిల్పాన్ని చూశాను. వాలులో చెట్ల నడుమ పాచి పట్టిన దుంగ ఒకటి లేచి, వంగి, నేలకు తగిలి, మళ్ళీ లేచి, ఇంకో దుంగతో కలిసి, అలా మెలికలు తిరుగుతూ కిందికి పోతోంది. పడిపోయిన చెట్టనుకుని దాటబోయాను. పడిపోయిన చెట్టు రెండుసార్లు పైకి లేవదు కదా అని అప్పుడు తట్టింది. ఒంపు తిరిగిన పైన్ మానులను ఏరి, ఒకదాని చివర ఇంకొకటి చేర్చి ఆండీ గోల్డ్స్‌వర్దీ 1980ల మధ్యలో చేసిన పని అది. ఎడారిలో పక్కకు పాకే పాము పేరు పెట్టారు, సైడ్‌వైండర్ అని. దుంగలు కలిసేచోట చేత్తో తడిమితే, ఒక కర్ర ఒంపులోకి రెండోదాని ఒంపు ఎక్కడ కూర్చుందో వేలికి తెలియనంత చక్కగా అమరింది. పైకర్ర మాత్రం వేలితో నొక్కితే స్పాంజిలా దిగిపోతోంది. పట్టించుకునేవారు లేక పాడైపోతోందని నేను జాలిపడ్డాను. అది కావాలని అలా వదిలినదని నాకు తెలియడానికి మరికొన్ని నెలలు పట్టింది.

ఆ అడవి కథ ఇది. మొదటి ప్రపంచయుద్ధంలో గనులకీ కందకాలకీ కలప చాలక ఇబ్బందిపడిన బ్రిటన్, ఆ కొరత మళ్ళీ రాకూడదని 1919లో ఫారెస్ట్రీ కమిషన్‌ను ఏర్పాటు చేసింది. 1930లలో గ్రైజ్‌డేల్ ఎస్టేటు దాని చేతికి వచ్చింది. అంతకు ముందంతా అది ఓక్ పొదల అడవి. కొట్టి, చిగురించనిచ్చి, మళ్ళీ కొట్టి, ఇనుము కరిగించడానికి బొగ్గు కాల్చేవారు. లాంకషైర్ బట్టల మిల్లులకు దారం చుట్టే కర్ర కండెలు చేసేవారు. కమిషన్ వచ్చాక స్ప్రూస్, లార్చ్ వంటి సూదాకు చెట్లను బారులు తీర్చి నాటారు. అక్కడ అటవీ అధికారిగా ఉన్న బిల్ గ్రాంట్‌కి కలప ఒక్కటే చాలలేదు. అడవి నడుమ నాటకశాల పెట్టించారు. నార్తర్న్ ఆర్ట్స్ అనే ప్రాంతీయ కళాసంస్థ తోడుపడగా 1977లో శిల్పులను పిలవడం మొదలైంది. నెలల తరబడి అక్కడే ఉండాలి, అక్కడ దొరికిన కర్రతో, రాతితో, మట్టితో చెయ్యాలి, చేసినదాన్ని అక్కడే వదలాలి. మొదట వచ్చినవారిలో రిచర్డ్ హ్యారిస్, డేవిడ్ నాష్ ఉన్నారు. కొమ్మలను దొన్నెల్లా తొలిచి వాగు నీటిని చెట్ల మధ్య నడిపించిన నాష్ కర్ర కాలువ 1978 నాటిది. అదే 1977లో వేక్‌ఫీల్డ్ దగ్గర యార్క్‌షైర్ స్కల్ప్చర్ పార్కు కూడా మొదలైంది. అక్కడికీ వెళ్ళాము. గొర్రెలు మేసే పచ్చికలో హెన్రీ మూర్ కంచు బొమ్మలు నిశ్చింతగా కూర్చుని ఉంటాయి, అద్భుతమైన చోటు. అయినా రెండోసారి వెళ్ళాలని అనిపించలేదు. కంచు ఎక్కడికీ పోదు, ఎప్పుడైనా చూడవచ్చు. గ్రైజ్‌డేల్‌లో అలా కాదు, ఈ ఏడు చూసింది వచ్చే ఏటికి ఏ స్థితిలో ఉంటుందో తెలియదు. అందుకే 1994లో నాలుగుసార్లు, 1995లో అయిదుసార్లు వెళ్ళాము.

గ్రైజ్‌డేల్ అంటే పాత నార్స్ భాషలో పందుల లోయ. ఆ పేరు గుర్తుపెట్టుకుని శాలీ మాథ్యూస్ అనే శిల్పి, చెట్లు లేని ఒక ఖాళీ జాగాలో అడవి పందుల గుంపును నిలబెట్టారు. మూడేళ్ళ మా అబ్బాయి వాటిని చూసి గుక్కపట్టి ఏడ్చి, పావుగంట తర్వాత ఒకదాని వీపు నిమిరి, ఇంటికి వచ్చేటప్పుడు దాన్ని వదిలి రానని మళ్ళీ ఏడ్చాడు.

నాన్నగారు, అమ్మ 1996 వేసవిలో మూడు నెలలకు వచ్చారు. లండన్ చూపించాను, ఆయన ఉద్యానవనాల్లోని ప్లేన్ చెట్లు కొలిచారు. ఇక గ్రైజ్‌డేల్ తీసుకెళ్ళక తప్పదనుకున్నాను. విండర్‌మియర్ సరస్సును ఇనుప తాళ్ళ వెంట కదిలే ఫెర్రీ మీద, కారులోనే కూర్చుని దాటాము. అమ్మ మోకాళ్ళ నొప్పులవల్ల మనవడితో చిన్నదారిలో ఉండిపోయింది. విజిటర్ సెంటర్ దగ్గర డేవిడ్ కెంప్ చేసిన ‘ప్రాచీన అటవీకుడు’ అనే భారీ కర్రమనిషి పక్కన నాన్నగారిని నిలబెట్టి ఫోటో తీశాను. ‘మా కన్జర్వేటరు ఇలాగే ఉండేవాడు’ అన్నారు ఆయన, శాఖలోని తన పై అధికారిని తలుచుకుని.

దారిలో మొదటి అరమైలు ఆయన శిల్పాల వంక చూడనే లేదు. తోట పెంపకం చూస్తున్నారు. ‘ఎడం ఆరడుగులమ్మాయ్. మొదటి థిన్నింగు ఆలస్యం చేశారు, చూడు, కింద కొమ్మలన్నీ ఎండిపోయాయి’ అని, తన కూపులో, అంటే కలప నరికే అడవి ముక్కలో, నడుస్తున్నట్టు చేతులు వెనక్కి కట్టుకుని నడిచారు. థిన్నింగు అంటే కిక్కిరిసిన చెట్లలో కొన్నిటిని తీసి మిగతావాటికి చోటివ్వడం. శీతాకాలంలో లార్చ్ ఆకు రాలుస్తుందని నేను చెబితే నమ్మలేదు; సూదాకు చెట్టు ఆకు రాల్చడమేమిటని నవ్వారు. కిక్కిరిసిన పైన్ చెట్ల నడుమ, సన్నని మానులను గుత్తంగా నిలబెట్టి పైకి పోయేకొద్దీ కొనదేల్చిన గోల్డ్స్‌వర్దీ ‘ఏడు శిఖరాలు’ దగ్గర మాత్రం ఆగి, తల వెనక్కి వాల్చి పైదాకా చూసి, ‘థిన్నింగులో తీసిన కర్ర ఇది. ఇక్కడ పడ్డ కర్ర ఇక్కడే నిలబెట్టాడు. డిపోకి తోలితే ఏమొచ్చేది, కట్టెల ఖరీదు’ అన్నారు. అది మెచ్చుకోలు అని నేను పోల్చుకోగలిగాను. ఆయనతో ముప్పై ఏళ్ళు పనిచేసినవారు కూడా పోల్చుకోలేకపోయేవారని అమ్మ అనేది.

సైడ్‌వైండర్ దగ్గర ఆయన చేసిన పని నాకు ఇప్పటికీ కళ్ళకు కట్టినట్టు ఉంది. గొంతుక్కూర్చుని, ఇంటి తాళంచెవితో దుంగ అడుగుభాగం గీకి, రాలిన పొట్టును అరచేతిలో వేసుకుని, వాసన చూసి, మళ్ళీ గీకారు. ‘చెద లేదేం?’ అని అడిగారు. ఈ అడవుల్లో చెద ఉండదని చెప్పాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు. ముప్పై ఒక్క ఏళ్ళు చెదతో పోట్లాడిన మనిషి ఆయన. టేకు మొక్కల దగ్గరా, రెస్టు హౌసు ద్వారబంధాల దగ్గరా, చివరికి సర్వీసు రిజిస్టర్ల దగ్గరా. ‘మన దగ్గరైతే ఇది రెండు వానాకాలాలకు మట్టి. ఇక్కడ బూజు తింటుంది, నిదానంగా తింటుంది. పైకర్ర ముందు పోతుంది, చేవ ఇంకో పదేళ్ళు ఆగుతుంది’ అని లెక్క చెప్పి, ‘దీన్ని చేసినవాడికి ఈ సంగతి తెలుసా?’ అన్నారు. తెలిసే చేశారని, వీటిని బాగుచెయ్యకుండా వదిలేస్తారని నేను అప్పటికి చదివి ఉన్నాను కాబట్టి చెప్పాను. ‘అయితే ఇందులో మా శాఖ పని కూడా కొంత ఉంది’ అని లేచి, పొట్టును తిరిగి దుంగ కిందే పోశారు.

ఇక గోడ. గోల్డ్స్‌వర్దీ దాన్ని 1990లో కట్టించారు, పేరు ‘టేకింగ్ ఎ వాల్ ఫర్ ఎ వాక్’, గోడను వాహ్యాళికి తీసుకెళ్ళడం అని చెప్పుకోవచ్చు. ఆ ప్రాంతమంతా గొర్రెల కోసం కట్టిన రాతి గోడలే. మట్టి, సున్నం ఏదీ వాడరు. రెండు వరుసలుగా రాళ్ళు పేర్చి, లోపలికి కాస్త వాలుస్తూ, నడుమ సందులో చిన్న రాళ్ళు దట్టించి, అక్కడక్కడ ఇటునుంచి అటుకు పట్టే పొడవు రాయి వేసి, పైన రాళ్ళను అంచు మీద నిలబెడతారు. అదంతా చేతి అంచనా. అలాంటి గోడలు కొండ ఎక్కినా వాగు దాటినా తాడు పట్టినట్టు నేరుగా పోతాయి. అడవిలోని ఈ గోడ మాత్రం ఒక చెట్టుకు కుడివైపు, తర్వాతి చెట్టుకు ఎడమవైపు, ఏరు పారినట్టు వంపులు తిరుగుతుంది. నాన్నగారు దాని వెంట ఈ చివర నుంచి ఆ చివరకు వెళ్ళి, తిరిగి వచ్చారు. ‘సర్వే గోడంటే అడ్డొచ్చిన చెట్టు కొట్టించి కడతారు. నేను కొట్టించాను, ఎన్నో’ అన్నారు. అంతకన్నా ఏమీ అనలేదు.

తర్వాత ఒక వంపు దగ్గర ఆగి, గోడకూ స్ప్రూస్ చెట్టు మొదలుకూ మధ్య ఉన్న సందులో వేళ్ళు దూర్చి చూశారు. మూడు వేళ్ళు పట్టాయి. జేబులోంచి పురికొస తీశారు, అడుగుకో ముడి వేసినది, విమానంలో కూడా జేబులోనే వచ్చినది. చెట్టు వాలులో ఉంది కాబట్టి ఎగువవైపు నిలబడి, నేల నుంచి నాలుగున్నర అడుగుల ఎత్తున తాడు చుట్టమన్నారు; అవతలి కొస నేను పట్టుకున్నాను. అయిదు నాలుగు. ఆ తర్వాత గోడ పక్కన రాయి మీద కూర్చుని లెక్క వేశారు. చుట్టుకొలత ఏడాదికి ఒక అంగుళం పెరిగితే మాను గోడవైపు జరిగేది అంగుళంలో ఆరో వంతు. సందు రెండంగుళాలు. ‘పన్నెండేళ్ళు. 2008లో తగులుతుందమ్మాయ్. అప్పుడు చూడాలి, గోడ జరుగుతుందో చెట్టు మింగుతుందో.’

ఆయనకు ఆ అడవిలో నచ్చిన రెండో సంగతి కూడా గోడదే. రెండో ప్రపంచయుద్ధంలో గ్రైజ్‌డేల్ హాలు అనే భవనంలో జర్మన్ అధికారులను బందీలుగా ఉంచారు; 1940 అక్టోబరులో ఫ్రాంజ్ ఫాన్ వెర్రా అనే వైమానికుడు, కాపలాతో వాహ్యాళికి తీసుకెళ్ళినప్పుడు, తోటివాళ్ళు కాపలావాళ్ళ దృష్టి మళ్ళించగా ఒక రాతి గోడ మీదుగా అవతలికి దొర్లి పారిపోయాడు. కొన్ని రోజులకు కొండల్లో దొరికాడు. ఆ హాలును 1957లో కూల్చేశారు. నేను ఈ కథ చెబుతుంటే నాన్నగారు, ‘వాహ్యాళి గోడలన్నీ ఈ అడవిలోనే ఉన్నాయన్నమాట’ అని తనలో తానే నవ్వుకున్నారు.

మేము 2000లో దక్షిణ ఇంగ్లండుకు మారిపోయాము. గ్రైజ్‌డేల్ ఆరు గంటల దూరమైంది, పిల్లవాడి చదువు, మావారి నైట్ డ్యూటీలు, ఇలా ప్రతి ఏడూ ఒక కారణం దొరికింది. 2008లో మాత్రం నాన్నగారు ఫోనులో మూడుసార్లు అడిగారు. మొదటిసారి మార్చిలో: ‘అమ్మాయ్, తగిలిందా?’ ఏమి తగిలిందో నాకు వెంటనే గుర్తురాలేదు. ఆ తడబాటు ఆయన విన్నారు. ‘అదే, ఆ గోడ’ అన్నారు. వేసవిలో వెళ్ళి చూసి చెబుతానన్నాను. వేసవిలో అడిగినప్పుడు దసరా సెలవులన్నాను, అక్కడ దసరా సెలవులే ఉండవని ఆయనకు తెలియనట్టు. మూడోసారి అడిగి, నేను జవాబు వెతుక్కుంటూ ఉండగానే, ‘పోనీలే, చెట్టెక్కడికి పోతుంది’ అని మాట మార్చారు. 2010 జనవరిలో ఆయన పోయారు.

2012 మేలో మేమిద్దరమే వెళ్ళాము. అడవిలో కొత్తవి వచ్చాయి. చెట్ల మానులకు పెద్ద తాళంచెవుల వంటివి బిగించి ఉన్నాయి, తిప్పితే మీటినట్టు సంగీతం వినిపిస్తుంది, గ్రేవరల్డ్ అనే బృందం 2011లో చేసింది. పిల్లలు వాటిని తిప్పి పరుగెత్తుతున్నారు. నేనూ చుట్టూ చూసి ఒకటి తిప్పాను. సైడ్‌వైండర్ కోసం పాత పటం పట్టుకుని గంటసేపు వెతికాము. పాచి కప్పిన ఒక దిబ్బ దగ్గర నేను గొంతుక్కూర్చుని, ఇదే, ఈ ఒంపు నాకు గుర్తుంది అని చాలాసేపు మాట్లాడాక, అది మామూలుగా పడిపోయిన లార్చ్ అని, మొదట్లో రంపపు కోత కూడా ఉందని మావారు నెమ్మదిగా చెప్పారు. గోడ ఉంది. వంపు ఉంది. సందులో నా చిటికెనవేలు గోటివరకే దూరింది. తగల్లేదు. నాన్నగారి లెక్క నాలుగేళ్ళు దాటిపోయినా తగల్లేదు. ఏడాదికి అంగుళం అనేది ఆ నేలకు ఎక్కువ అంచనా అయి ఉంటుంది. కొలుద్దామంటే పురికొస లేదు. మావారి మెడలోని మఫ్లరుతో ప్రయత్నించి, అది సాగుతుందని మానుకున్నాము.

2021 నవంబరులో వచ్చిన ఆర్వెన్ తుఫాను ఆ అడవిలో చాలా చెట్లను కూల్చింది; దారులు కొన్నాళ్ళు మూసేశారు. వార్తల్లో ఆ ఫోటోలు, వేళ్ళతో సహా పెళ్ళగిలి ఒకే దిక్కుకు పడుకున్న స్ప్రూస్ బారులు, చూసిన రోజు నేను డైరీల పెట్టె తెరిచాను. మరుసటి ఏడు ఏప్రిల్లో మా అబ్బాయి సెలవు పెట్టి నన్ను తీసుకెళ్ళాడు. ముప్పై ఏళ్ళవాడు ఇప్పుడు, తాతగారికన్నా జానెడు పొడుగు. పందులు ఎక్కడుండేవి అని దారి పొడుగునా అడిగాడు. తను ఏడ్చిన సంగతి మాత్రం ఒప్పుకోలేదు.

పడినవి చాలా చూశాము. గోడ వంపులోని చెట్టు పడలేదు. సందు లేదు. మాను గోడకు ఆనుకుని, ఒక రాయిని కాస్త అవతలికి నెట్టింది. ఆ రాయి పైన ఉండవలసిన రెండు చిన్న రాళ్ళు అవతలివైపు ఫెర్న్ ఆకుల్లో పడి ఉన్నాయి. ఆనిన చోట బెరడు నొక్కుకుని, రాతి అంచు చుట్టూ పెదవిలా ఉబ్బింది. గోడా జరిగింది, చెట్టూ మింగడం మొదలుపెట్టింది. ఈసారి నేను ముడులు వేసిన పురికొస తెచ్చుకున్నాను. మా అబ్బాయి చెట్టు చుట్టూ చేతులు వేసి, వేళ్ళు అందక, నవ్వి, తాడు చుట్టాడు. ఆరడుగుల పదకొండు అన్నాడు. ఎక్కడ నిలబడ్డావని అడిగాను. దిగువవైపు నిలబడ్డాడు, అక్కడి నుంచి నాలుగున్నర అడుగులంటే మాను మొదలుకు దగ్గరగా, లావుగా ఉన్న చోట పడుతుంది. తాతగారు ఎగువవైపు నుంచి కొలిచేవారని చెప్పి, ఇవతలికి రమ్మని, మళ్ళీ చుట్టించాను. ఆరడుగుల ఎనిమిది. 1996 డైరీలో నాన్నగారి వరుస కింద రాశాను.